రేగులగడ్డ నివాసి

“నువ్వు ఊళ్ళో ఉండటం లేదని ఫిర్యాదు వచ్చింది దేవమ్మా. సంఘం పరిధిలో నివాసం లేకపోతే సభ్యత్వం పోతుంది. రూలు అది,” అంది పద్మజ.

సహకార శాఖ ఇన్‌స్పెక్టరుగా బదిలీ మీద గద్వాలకు వచ్చి వారం కూడా తిరగలేదు ఆమెకు. ఆనకట్టకు ఎగువన కృష్ణ ఒడ్డున, మత్స్య సహకార సంఘం వాళ్ళ రేకుల గదిలో ఇదే మొదటి విచారణ. బయట ముసురు పట్టి, పొద్దు ఎక్కడుందో తెలియకుండా ఉంది.

దేవమ్మ గడప అవతలే నిలబడింది. ఆమె చూపంతా గది మూలన కుప్పగా పడి ఉన్న వల మీదే ఉంది. సంగతి తేలేదాకా నీళ్ళలోకి దిగొద్దని సెక్రటరీ తిరుపతి నిన్ననే ఆమె వలను లాక్కొచ్చి అక్కడ పడేశాడు.

“గద్వాలల కిరాయికుంటున్న మేడం, లేదంటలే. కిరాయిల్లు నా ఇల్లయితదా? నా ఇల్లు రేగులగడ్డలనే ఉంది.”

“ఆ ఊర్లె పిట్టమనిషి లేడు మేడం,” తిరుపతి నవ్వాడు. “అందరు ఎప్పుడో ఇడిసిపెట్టి పోయిండ్రు.”

“నా పేరు కొట్టేసి నీ బామ్మర్దిని ఎక్కియ్యాలె. గంతే కద తిరుపతన్నా!”

“ఎక్కిస్తే తప్పేంది? వాడు నీలెక్క టౌన్ల కూసోలే. నీళ్ళ పక్కన్నే ఉంటుండు.”

“నీళ్ళకు నా ఇంటికంటె దగ్గరున్న ఇల్లు ఇంకోటి చూపియ్ చూద్దాం!”

తిరుపతి నవ్వు ఆగిపోయింది. తల తిప్పుకుని కిటికీలోంచి బయటికి చూడసాగాడు.

పద్మజ సంఘం నియమావళి తిరగేసింది. పరిధిలోని మూడు ఊళ్ళలో రేగులగడ్డ పేరు కూడా ఉంది. వలసలకు పేరుపడ్డ సీమ ఇది. పొట్ట చేతపట్టుకుని పోయినంత మాత్రాన మనిషి ఊరికి పరాయిదై పోతుందా?

“చూడు దేవమ్మా, ఇల్లు నిలబడి ఉండి, నువ్వు వచ్చిపోతుంటే నివాసం ఉన్నట్టే రాస్తాను. కానీ నా కళ్ళతో చూడాలి. చూశానంటే ఆ వల నేనే తెచ్చి నీ చేతికిస్తాను.”

దేవమ్మ అప్పుడు తలెత్తింది. “మాట తప్పరు కద మేడం?”

“తప్పను.”

“పో, మేడంకు మంచిగ చూపియ్యి,” అన్నాడు తిరుపతి.

“మీరు రారా?” అడిగింది పద్మజ.

“పుట్టిల కూసుంటె నాకు కండ్లు తిరుగుతయ్ మేడం. మీరే చూసి రాండ్రి.”

“చేపల సంఘానికి సెక్రటరీ! నీళ్ళంటె బుగులు!” అని గొణుగుతూ దేవమ్మ ఒడ్డుకు దారితీసింది.

గుండ్రటి పుట్టి నీళ్ళలో గిర్రున ఒక చుట్టు తిరిగి సర్దుకుంది. పద్మజ రెండు చేతులా అంచు పట్టుకుంది. పొడవాటి వెదురు గడ ఒకటి కాళ్ళకు అడ్డం తగులుతోంది.

“తెడ్డు ఉంది కదా, మళ్ళీ ఇదెందుకు?”

“ఇల్లు చేరినంక పనికొస్తది మేడం.”

అవతలి ఒడ్డు ముసురులో ఒక గీతలా కనిపిస్తోంది.

“మీ ఊరికి రోడ్డు లేదా?”

“ఎందుకు లేకుండె? బస్సు గూడ వస్తుండె. ఇప్పుడైతె పుట్టే దిక్కు.”

పద్మజ నిట్టూర్చింది. ఉన్న దారిని కూడా పట్టించుకునే నాథుడు లేకపోతే ఊరు ఖాళీ కాక ఏమవుతుంది అనుకుంది.

“ఇల్లు కూలిపోలేదు కదా?”

“రాతి కట్టడం మేడం. మా మామ కట్టిండు. పోయిన ఎండాకాలం చూసిన, గోడ ఇంత గూడ కదల్లే.”

“తాళం వేసుకున్నావా?”

“తాళమెందుకు? ఆడికి దొంగలు రారు.” దేవమ్మ నవ్వింది కానీ, ఆ నవ్వు ఎంతోసేపు నిలవలేదు.

“ఎప్పుడెప్పుడు వస్తుంటావు?”

“వలేసిన్నాడల్ల వస్త. మా ఆయన ఆడనే ఉన్నడు కద. ఇంటెనక యాపచెట్టు కింద బొందపెట్టినం. ఆయన పోయినంకనే ఈ సభ్యత్వం నాకొచ్చింది.” తెడ్డు రెండుసార్లు నీళ్ళలో పడింది. “చేపలు పడకున్న మంచిదే మేడం. ఆయనకాడికి ఒకపారి వచ్చిపోతె పానం నిమ్మలమైతది. పేరు కొట్టేస్తె పుట్టి గూడ దించనియ్యరు. ఇగ ఆయనకాడికి తొవ్వే బందు.”

“బందు కానివ్వను,” అంది పద్మజ. రాయవలసిన నివేదిక అప్పటికే ఆమె మనసులో సిద్ధమైపోయింది. ఊళ్ళో సొంత ఇల్లుంది, భర్త సమాధి ఉంది, రాకపోకలున్నాయి. ఇంతకన్నా నివాసమంటే ఏముంటుంది?

నడి ఏట్లో దేవమ్మ తెడ్డు ఆపింది. ఎటు చూసినా బూడిదరంగు నీళ్ళే. అవతలి ఒడ్డు ఇంకా గీతలాగే ఉంది.

“చేతులు నొస్తున్నాయా? కాసేపాగి పోదాంలే,” అంది పద్మజ.

దేవమ్మ కాళ్ళ చెప్పులు విడిచి పక్కన పెట్టింది. గడ అందుకుని నిలువుగా నీళ్ళలోకి దించింది. అది సగందాకా మునిగి, కింద రాతికి టక్కున తగిలి ఆగింది.

“ఇది మా మిద్దె మేడం.”