దారిన పోయేవాళ్ల సినిమా

“ఇందులోనూ లేదు బాబాయ్!”

స్టూడియో పిల్ల పుస్తకాన్ని బల్ల మీద ధబీమని పడేసింది. లేచిన దుమ్ముకి పాతపుస్తకాల బాబాయ్ ఒక తుమ్ము తుమ్మాడు. ఆ దెబ్బకి పై అరలోంచి రెండు నిఘంటువులు ఊడిపడ్డాయి.

“చూశావా, ఇందుకే నాకీ టోపీ. తత్త్వశాస్త్రం పుస్తకాలు ముట్టుకునే నాథుడు లేక పట్టిన దుమ్మిది. చెవుల్లో దూరిందంటే పెళ్లాం తిట్టినా వినపడదు.”

“నీకు పెళ్లామే లేదుగా!”

“ఉందేమోనే, వినపడలేదు.”

రోడ్డు మీద తారు కరిగి జనం చెప్పులొదిలేసి పారిపోయే ఎండల్లో కూడా ఆయన నెత్తిన ఆ ఉన్ని టోపీ ఉండాల్సిందే. వీధి మొత్తానికి అదో నవ్వులాట. పిల్ల కూడా రోజూ నవ్వేదే గానీ, ఇవాళ నవ్వు సగంలోనే ఆగిపోయింది.

ఆమె ఫోటో స్టూడియోలో పాత ఫోటోల మరకలు తీసి కొత్తగా చేస్తుంది. వెతుకుతున్నదేమో ఓ సినిమా డైరెక్టర్ మీద రాసిన పుస్తకం. ఆ డైరెక్టర్‌ది అదో తిక్క. హీరో లేడు, హీరోయిన్ లేదు. రైల్వే స్టేషన్లో ఓ మూల కెమెరా దాచిపెట్టి, వచ్చేపోయేవాళ్లని తీసి ఇదే సినిమా పొమ్మన్నాడు. జనం కుర్చీలు విరగ్గొట్టారు. ఓ ప్రొఫెసర్ మాత్రం దాన్ని చూసి చూసి, అందులో సత్యమేదో కనపడిందంటూ ఇటుకంత పుస్తకం రాశాడు. రీళ్లు ఎప్పుడో గోడౌన్లో తగలబడిపోయాయి. ఇప్పుడు సినిమా అంటూ మిగిలింది ఆ పుస్తకంలో వేసిన బొమ్మలే.

ఆ బొమ్మల్లో ఒకదాంట్లో వాళ్లమ్మ ఉంది.

పిల్లకి ఇంకా నడక రాని రోజుల్లో వాళ్లమ్మ ఓ పొద్దున పెట్టె పట్టుకుని ఇంట్లోంచి వెళ్లింది. మళ్లీ రాలేదు. కొన్నాళ్లకి పెట్టె మాత్రం కాలవలో దొరికింది. ఎవడితోనో లేచిపోయిందని అందరూ తేల్చేశారు. పిన్ని ఒక్కతే ఒప్పుకోలేదు. పిల్లని తనే పెంచింది. మొన్నామధ్య జ్వరంలో, ఇన్నేళ్లూ కడుపులో దాచుకున్న మాట బయటపెట్టింది. “ఆ సినిమా చూసినావిడ చెప్పిందే. స్టేషన్లో మీ అమ్మ పక్కనే ఎవడో నడుస్తున్నాడట. ఆ బొమ్మ పుస్తకంలో కూడా వేశారట.”

అప్పట్నుంచి పిల్లకి తిండి సయించడం లేదు. అమ్మ తనని వదిలేసి పోయిందా, లేక వాడెవడో అమ్మని... ఆ రెండో మాట నోటిదాకా రానిచ్చేది కాదు.

బాబాయ్ పాపం కాలికి బలపం కట్టుకుని తిరిగి, ఎక్కడెక్కడి నుంచో ఆ పుస్తకం తెప్పించాడు. ఏది తెరిచినా అమ్మ బొమ్మ ఉండాల్సిన కాగితమే లేదు.

“ఎలకలు కొట్టేశాయేమోనే.”

“అన్నిట్లో అదే కాగితమా? ఎలకలు బొమ్మలు చూసి తింటాయా?”

బాబాయ్ గొంతు తగ్గించాడు. “అయితే ఎవరో పనిగట్టుకుని చింపుతున్నట్టే. నాకా ప్రొఫెసర్ మీదే అనుమానం. షూటింగ్ జరిగినన్నాళ్లూ ఆ స్టేషన్లోనే పడి ఉండేవాడట. నువ్వు మాత్రం వాడి గడప తొక్కకు. ఒంటరి ముసలాడు, ఎలాంటివాడో ఏమో.”

పిల్లకి భయమేసింది. భయమేసినా వెళ్లింది.

మర్నాడు మధ్యాహ్నం ఆకాశం బొగ్గులా ఉంది. వీధిలో చెత్తంతా సుడులు తిరుగుతోంది. పిల్ల సంచి గుండెలకి హత్తుకుని పరిగెత్తుకొచ్చింది.

“దొరికింది బాబాయ్! ప్రొఫెసర్ దగ్గరే!”

“వద్దన్నానా!”

“పాపం మంచాయనే. కళ్లు కనపడవు. అయినా కూర్చోబెట్టి పాఠం చెప్పాడు. కెమెరాకి ఏది ముఖ్యమో తెలీదట, అందుకే అన్నిటినీ ఒకేలా చూస్తుందట. మనం హీరోని చూస్తుంటే, అది వెనకాల పోయేవాణ్ణి కూడా వదలదట. మనకి అర్థం కావడానికే ఏళ్లు పడుతుందట.”

“ఇంకేమన్నాడు?”

“బజార్లో ఉన్నవన్నీ ఎవరో ఒకాయనే కొనేశాడట. నాకింత వీరాభిమాని ఉన్నాడా అని ముసలాయన ఒకటే సంబరం! ఇది ఇంట్లో దాచుకున్న సొంత కాపీ. ఇంకెక్కడా లేదట.”

బాబాయ్ కూడా నవ్వాడు, కాస్త ఆలస్యంగా.

గాలి ఈడ్చి కొట్టింది. గుమ్మం ముందు పేర్చిన పుస్తకాలు టపటపా రెక్కలు కొట్టుకున్నాయి. “దుమ్మొచ్చేస్తోంది” అంటూ బాబాయ్ షట్టర్ కిందికంటా లాగేశాడు. లోపల ఒక్క బల్బే మిగిలింది.

“పిన్నికి చూపించావా?”

“ఎవరికీ చూపించలేదు. ముందు నీకే. ఇన్నాళ్లూ నా కోసం తిరిగింది నువ్వేగా.”

“నా తల్లే” అన్నాడు బాబాయ్.

పిల్ల పేజీ తిప్పింది. జనం, మూటలు, పొగ. ఓ మూలన చీర కొంగు భుజం చుట్టూ కప్పుకున్న మనిషి. పిల్ల ఆ మొహం మీద వేలు పెట్టింది.

“అమ్మ. పిన్ని దగ్గరున్న ఫోటోలో మొహమే. చూడు, పెట్టె అమ్మ చేతిలో లేదు. పక్కవాడు లాక్కున్నట్టు పట్టుకున్నాడు.”

“వాడు మొహం అటు తిప్పుకున్నాడే!” బాబాయ్ ఊపిరి వదిలాడు. “ఏం లాభం తల్లీ? వీపు చూసి ఎవణ్ణని పట్టుకుంటాం?”

“వీపెందుకు?” పిల్ల సంచిలోంచి స్టూడియో భూతద్దం తీసి బొమ్మ మీద పెట్టింది. “ఇక్కడ చూడు. చెవి. పై సగం లేదు, తెగిపోయింది. రేపు స్టూడియోలో దీన్ని పెద్దది చేసి పోలీసులకిస్తా. ఇలాంటి చెవి ఈ లోకంలో ఎక్కడున్నా గుర్తుపట్టేస్తా బాబాయ్!”

బాబాయ్ భూతద్దంలోకి వంగి చూశాడు. బయట గాలి షట్టర్‌ని పట్టుకుని ఊపేస్తోంది.

“లోపల ఉక్కగా ఉంది కదూ” అన్నాడు.

టోపీ తీసేశాడు.