ఏడడుగుల పట్టాల ఇంజన్

ఆ ఇంజన్‌ని చూస్తేనే కౌశిక్‌కి ఒళ్లు మండిపోయేది.

పాతకాలం ఆవిరి రైలింజన్‌కి జానెడు ఇత్తడి బొమ్మ. వీరభద్రరావు డెస్కు మీద మహారాజులా కూర్చుని ఉంటుంది. బొమ్మే అంత పాతదైతే పెట్టుకున్నవాడి సంగతి వేరే చెప్పాలా? యాభై రెండేళ్లు. కాజీపేట లోకో షెడ్డు పక్కన పుట్టి పెరిగాడట. ఈ సింగపూర్ బ్యాంకులో పద్నాలుగేళ్లుగా అదే కోబాల్ అనే పాత కంప్యూటర్ భాష, అదే నల్లతెర, అవే పచ్చక్షరాలు. రెండువేల సంవత్సరం వచ్చేసింది, కౌశిక్‌తో సహా ఊరంతా కొత్త భాష జావా అని ఊగిపోతోంది, ఈయనకి చీమ కుట్టినట్టయినా లేదు.

"మీ ఇద్దరిలో ఒకరే మిగులుతారు. బయట అనకు," అని మేనేజర్ వసుంధర కౌశిక్‌ని పిలిచి చెప్పింది. "ఆరు వారాలు పక్కపక్కనే కూర్చోండి. ఏదీ దాచకుండా చెప్పుకోండి."

ఐటీలో అదో ఆనవాయితీ. పోయేవాడు తన పనంతా ఉండేవాడికి అప్పగించి మరీ పోవాలి. ఉద్యోగంతోపాటు ఈ దేశంలో ఉండనిచ్చే వర్క్ పాసూ పోతుంది. నెలలోపు సామాను సర్దుకుని విమానం ఎక్కాలి.

పాపం ముసలాయన, అనుకున్నాడు కౌశిక్. నిజానికి జాలేమీ కలగలేదు.

ఈ అప్పగింతకని ఆవిడ ఇద్దరికీ ఇచ్చిన ఫారాన్ని వీరభద్రరావు కళ్లజోడు పెట్టుకుని రెండుసార్లు చదివి సంతకం చేశాడు. కౌశిక్ ఫోన్ మాట్లాడుతూనే గీకి పారేశాడు. ఫారాలు చదవడం కూడా ఒక పనా?

మర్నాటి నుంచి పాఠాలు. కౌశిక్ కోబాల్ ఒక్క ముక్క రాసుకోలేదు. తుక్కుకి పోయే సరుకు నేర్చుకుని ఏం చేస్తాడు? ముసలాయనే నోటుబుక్కు తెరిచి ప్రశ్నల మీద ప్రశ్నలు వేసేవాడు.

"సర్వర్ పడిపోతే ముందుగాల ఏ ఫైలు చూడాలె, బిడ్డా?"

"అబ్బా అంకుల్, మీకెందుకండీ ఇదంతా?" అంటూనే చెప్పేవాడు కౌశిక్. చిన్నపిల్లాడికి చెప్పినట్టు, ప్రతిదీ మూడేసిసార్లు. తన గొప్ప ఎదుటివాడికి తెలియద్దూ? పాస్‌వర్డులతో సహా అప్పజెప్పాడు.

ఒకరోజు భోజనానికి హాకర్ సెంటర్‌కి వెళ్లారు. మాట వరసకి ఆ ఇంజన్ కథేంటని అడిగాడు కౌశిక్. అడిగి చెడ్డాడు.

"విక్టోరియా రాణి కాలం నాటిది బిడ్డా. మన బ్రాడ్ గేజ్ పట్టాల నడుమ ఎడం ఐదున్నర అడుగులే గద, ఇంగ్లండుల ఒక రైలు కంపెనీది ఏడడుగులు! చక్రమే ఎనిమిదడుగుల ఎత్తు. ఆ కాలంల దానంత జోరు ఇంకేదానికీ లేకుండె."

"మరి ఏమైపోయింది?"

"పద్దెనిమిదొందల తొంభై రెండుల పట్టాలన్నీ దగ్గరికి జరిపిన్రు. ఇగ పనికిరాని ఇంజన్లన్నిటినీ స్విండన్ అనే ఊరికి రమ్మన్నరు, పగలగొట్టనీకి. ఎన్నో ఇంజన్లు వాటి ఆవిరితోని అవే నడుచుకుంట పోయినయ్."

కౌశిక్‌కి నవ్వాగలేదు. ఎదురుగా చేపల కూర కలుపుకుంటున్న పెద్ద ఇంజన్‌ని చూసి మరీ నవ్వాడు. తన గోతిలోకి తానే నడిచిపోతూ ఎంత దర్జా!

"నువ్వు ఇల్లు మారుతున్నవంట?" అన్నాడు వీరభద్రరావు.

"అవునండి. ఆంగ్ మో కియోలో నలుగురం ఒక ఫ్లాట్‌లో పడుంటున్నాం. బిషాన్‌లో అద్దెకి మంచి కాండో ఫ్లాటు చూశాను. వచ్చే నెల అనన్యని తెచ్చేసుకుంటా."

"ఇప్పుడే మారకు. ఒక్క నెల ఆగు."

కుళ్లు! పెళ్లాన్ని తెచ్చుకుంటుంటే కూడా ఓర్వలేడు. కౌశిక్ ఆ సాయంత్రమే వెళ్లి కాండోకి సంతకం పెట్టేశాడు. అనన్యకి టిక్కెట్టు కూడా కొనేశాడు.

ఆరో వారం శుక్రవారం మధ్యాహ్నం వసుంధర గదిలోంచి పిలుపు వచ్చింది. కౌశిక్ తల దువ్వుకున్నాడు. పోతూ పోతూ ఇత్తడి ఇంజన్ నెత్తి మీద వేలితో ఒక్కటిచ్చాడు. వీరభద్రరావు నోటుబుక్కులోంచి తలెత్తలేదు.

వసుంధర కూర్చోమని, ఒక కవరూ ఆ పాత ఫారమూ అతని ముందుకి జరిపింది.

'పని అందుకునేవారు' అన్న గడిలో వీరభద్రరావు సంతకం గుండ్రంగా, కుదురుగా ఉంది. 'పని అప్పగించి వెళ్లేవారు' అన్న గడిలో, ఆరు వారాల కిందట ఫోన్ మాట్లాడుతూ గీకిన గీత, కౌశిక్‌దే.