ముడుల తాడు

“ఇదా మీ సాక్ష్యం?” అంటూ ప్రభుత్వ ప్లీడరు ఆ తాడును చచ్చిన పామును పట్టుకున్నట్టు రెండు వేళ్లతో ఎత్తి చూపించాడు. కోర్టు హాల్లో నవ్వులు లేచాయి.

లాయరమ్మ నవ్వలేదు. ఏడాదిగా ఊరి తరఫున ఈ కేసు మోస్తున్నది ఆమే. రోజుకు నలభై లారీల ఇసకకే అనుమతిచ్చామని సర్కారు కాగితాలు చూపిస్తోంది. ఏట్లోకి దిగితే అడుగడుక్కీ గుంత, ఊళ్లో బావులేమో అడుగంటిపోయాయి. ఎక్కువ తవ్వారని రుజువేదంటే ఊరి దగ్గర కాగితం ముక్క కూడా లేదు. నిరుడు వరదలో, ఆ గుంతల దగ్గర పుట్టిన సుడికి పడవ తిరగబడి ముగ్గురు గల్లంతయ్యారని పిటిషన్లో ఒక పేరా ఉండేది. అది వరద పని కాదు, గుంతల పనేనని రుజువు చెయ్యడం తన వల్ల కాదని లాయరమ్మే దాన్ని కొట్టేసింది.

చివరికి మిగిలింది ఈ తాళ్లు. ఏటి మలుపులో ఎలాగూ పొద్దస్తమానం కూర్చునే పెద్దమ్మకు, లారీకో ముడి వెయ్యమని ఊరివాళ్లు అప్పజెప్పారు. రోజుకో తాడు చొప్పున మూణ్ణెల్ల తాళ్లు గోతంలో ఉన్నాయి. నూరు ముడులకు తక్కువున్న తాడు వాటిలో ఒక్కటీ లేదు.

ఎండకు కునుకు పట్టలేదా అని ప్లీడరు అడిగాడు. కన్ను మూయలేదంది పెద్దమ్మ. వానొచ్చిన రోజో? గొడుగేసుకుని కూర్చున్నానంది. జ్వరమొస్తే? దుప్పటి కప్పుకుని వెళ్లానంది. ప్లీడరుకు తిక్కరేగి పొక్లెయిన్ డ్రైవరును బోనెక్కించాడు. ఆవిడ పనికి అడ్డం పడేదని అతని చేత చెప్పించి, ఆవిడకు పిచ్చని తేల్చేద్దామని ఆయన ఎత్తు.

డ్రైవరు ఉన్నదున్నట్టే చెప్పాడు. ఇసకను లారీలోకి మెల్లగా వంపమని ఆవిడ అడిగేది, తను వంపేవాడు. ఒక్కోసారి చెయ్యెత్తి ఆపమనేది, ఆపేవాడు. ఆవిడ దగ్గరికొచ్చి చూసుకుని వెళ్లమన్నాకే లారీ కదిలేది. ఎందుకు ఆపావయ్యా అంటే మాత్రం తలొంచుకున్నాడు. డ్రైవరును కూడా ఊరు బుట్టలో వేసుకుందని ప్లీడరు మండిపడి, మళ్లీ పెద్దమ్మ మీదికే వచ్చాడు.

“కూలి లేదు, జీతం లేదు. మూణ్ణెల్లు ఎండలో ఎందుక్కూర్చున్నావమ్మా? ఎవరు కూర్చోబెట్టారు?”

“ఎవరూ కూర్చోబెట్టలేదు బాబూ. చూసుకోకుండా ఎలా పోనిస్తాను?”

జడ్జిగారు రాస్తున్న కలం ఆపి ఆవిడ వంక చూశారు. ఏటి మీద ఇంత మమకారం ఉన్న మనిషిని లాయరమ్మ తన సర్వీసులో చూడలేదు. ఆ ఒక్క మాటతో కేసు నిలబడిందని ఆమెకు అప్పుడే ధైర్యమొచ్చింది.

పదిహేను రోజులకు తీర్పొచ్చింది. ఏట్లో తవ్వకం ఆ రోజు నుంచే ఆపెయ్యాలి, తవ్విన గుంతలన్నీ సర్కారే పూడ్చెయ్యాలి. కోర్టు ఆవరణలో ఊరివాళ్లు ఒకర్నొకరు కావలించుకున్నారు. బావుల్లోకి మళ్లీ నీళ్లొస్తాయని ఒక ముసలాయన చిన్నపిల్లాడిలా ఏడ్చాడు.

పెద్దమ్మ మాత్రం వరండా చివర బల్ల మీద ఒక్కతే కూర్చుని ఉంది. ఒళ్లో ఒక్క ముడీ వెయ్యని కొత్త తాడుంది.

“గెలిచాం పెద్దమ్మా. అంతా మీ చలవే,” అంది లాయరమ్మ దగ్గరికొచ్చి.

“ఇంక అస్సలు తవ్వరా తల్లీ?”

“గంపెడు ఇసక కూడా తియ్యరు.”

“మలుపు దగ్గర కాస్త మిగిలిపోయింది. అదొక్కటీ తవ్వి ఆపమని అడగరాదూ?”

లాయరమ్మకు జాలేసింది. మూణ్ణెల్ల ఎండకు పాపం ఈవిడకు మతి చెదిరిందనుకుంది. పక్కన కూర్చుని, ఆ గరుకు చేతిని తన చేతుల్లోకి తీసుకుంది. ఇక కాపలా అక్కర్లేదని, హాయిగా ఇంటిపట్టున ఉండమని నచ్చజెప్పింది. పెద్దమ్మ వింటూనే ఆ ఉత్త తాడును వేళ్లకు చుట్టుకుంది, విప్పింది, మళ్లీ చుట్టుకుంది.

“పడవలో పోయిన మా వాడు ఇంకా దొరకలేదమ్మా.”