టీవీ గోడ

పెరిగిన జనం కోసం తణుకు చుట్టుపక్కల పొలాలన్నీ మేడలైపోయాక, వరి ఇళ్లలోకి వచ్చింది. ఇంట్లో ఎన్ని నోళ్లుంటే అన్ని గోడలకు బురద మెత్తి నాట్లు వేయాలన్నది చట్టం. పుట్టబోయే బిడ్డ గోడకు సీమంతం నాడే నాటడం ఆనవాయితీ.

సత్తిరాజు ఇంట్లో ఖాళీగా మిగిలింది టీవీ గోడ ఒక్కటే. భార్య సీమంతానికి వచ్చిన ముత్తయిదువలు కొంగులు దోపి, నారు కట్టలతో అటే నడిచారు.

"ఇవాళ ఫైనలండీ అత్తయ్యగారూ! తలుపు మీద నాటుకోండి," అంటూ అతను అడ్డం పడ్డాడు.

"తలుపేసినప్పుడల్లా గింజలు రాలిపోవండీ? అన్నప్రాసనకి బిడ్డ నోట్లో మీ క్రికెట్టు పెడతారా?" అంది అత్తగారు మంగతాయారు.

చేసేది లేక సత్తిరాజు టీవీ ఊడదీసి ఒళ్లో పెట్టుకుని, పీట మీద కదలకుండా కూర్చున్నాడు. చివరి ఓవర్లో వీపుకి చల్లగా ఏదో తగిలింది. వెనక అత్తగారు బురద మెత్తుతోంది.

"ఇదేంటండీ!"

"పురుడు పోసి ఇక్కడే ఉండిపోదామనుకుంటున్నాను. నా నోటికీ ఓ గోడ కావాలి కదండీ, అల్లుడుగారూ! కోతలయ్యేదాకా హాయిగా టీవీ చూసుకోండి. మిమ్మల్నెవరూ కదపరు."