తెర వెనక చెయ్యి

"ఎవరిదండీ ఆ చెయ్యి?"

ఇంకాసేపట్లో ప్రదర్శన. అద్దం ముందు బొత్తాలు పెట్టుకుంటున్న భర్త, కొత్త పెళ్లాం వంక చూసి నవ్వాడు.

"ఇప్పుడే చెప్పేస్తే నువ్వు చూడ్డానికి ఏముంటుంది?"

అతను నటిస్తాడు, వీడియోలు తీస్తాడు, రాస్తాడు. ఆ మూడింటినీ కలిపి వేదిక మీద ఏవో ప్రయోగాలు చేస్తాడు. "మీ ఆయన ఏం చేస్తాడే?" అని ఎవరైనా అడగడమే ఆలస్యం, ఆమె మురిసిపోతూ చెప్పుకుపోయేది. పొద్దున్న రిహార్సల్ వీడియో కంటపడేదాకా.

అందులో అతను నల్లతెరకు ఆనుకుని కూర్చుని కుడిచేత్తో ఏదో రాసుకుంటున్నాడు. తెల్లటి తొడుగు వేసుకున్న ఎడమచెయ్యి బల్లమీద బుద్ధిగా పడుంది. ఇంతలో తెర చీలికలోంచి ఇంకో చెయ్యి వచ్చింది. నున్నటి చెయ్యి. గాజులు గలగలమంటుంటే అతని జుట్టు సవరించింది, నుదుటి చెమట తుడిచింది, బుగ్గ గిల్లింది. గోళ్లకి ఆమె పూసుకునే ఎర్రరంగే! తన సీసా సగం ఎలా ఖాళీ అయిందో అప్పుడర్థమైంది.

ఆ జుట్టు మీద తను చెయ్యి వేయబోతే "చెదిరిపోతుందే" అని తల తప్పించుకునే మనిషి! పైగా ఇంత ఉక్కలోనూ ఇంట్లో పొడుగు చేతుల చొక్కా విప్పడు. ఏం గిల్లుళ్లు దాస్తున్నాడో!

"వదినా, మీరైనా చెప్పండి." కెమెరా సర్దుతున్న ఆడపడుచుని పట్టుకుంది.

"ఆ చెయ్యా? చిన్నప్పట్నుంచీ మా ఇంట్లోదేనమ్మా. నా జడ ఎన్నిసార్లు లాగిందో!"

"మీ మేనత్త కూతురా?"

"ఊహూఁ, అంతకన్నా దగ్గర." ఆడపడుచు చున్నీ నోటికడ్డం పెట్టుకుంది.

"నవ్వండి నవ్వండి. ఇవాళ తేలకపోతే నేను మా అమ్మ దగ్గరికి వెళ్లిపోతాను. బ్యాగు సర్దుకునే వచ్చా."

హాలు నిండింది. దీపాలు ఆరి, ఒక్క బల్లమీదే వెలుగు పడింది. చెయ్యి రానే వచ్చింది. జుట్టు సవరించింది. చెమట తుడిచింది. మొదటి వరుసలో కూర్చున్న ఆమె పళ్లు నూరుతూ భరించింది. చెయ్యి బుగ్గ గిల్లగానే పక్కనున్న పెద్దావిడ నిట్టూర్చింది.

"పాపం, మొగుడంటే ఎంత ప్రేమో ఆ పిల్లకి!"

అంతే. ఆమె ఒక్క ఉదుటున వేదిక ఎక్కేసింది.

"ఏయ్! దాక్కుంటావేం? బయటికి రా!"

ఆ మణికట్టును రెండు చేతులా పట్టుకుని, కాళ్లు తన్నిపెట్టి, బలంకొద్దీ లాగింది.

గాజులు చిట్లాయి. తెర ఊడింది. చేతి వెనకే భుజం, భుజం వెనకే కుర్చీతో సహా మొగుడూ వచ్చి ఆమె మీద పడ్డాడు. దూది కుక్కిన చొక్కా చెయ్యి మాత్రం, తెల్లటి తొడుగుతో, ఇంకా బల్లమీదే బుద్ధిగా పడుంది.