రెంటికీ చెడ్డ బండి

“ఇది నీకొద్దు బాబూ,” అన్నాడు మల్లికార్జునరావు, మూడో బండి ముందు ఆగి.

“నేను వెతుకుతున్నది ఇదే అంకుల్,” అన్నాడు రఘువీర్.

మల్లికార్జునరావుకి రిటైరయ్యాక పాత బళ్ళ పిచ్చి పట్టుకుంది. ఇరవయ్యేళ్ళనాటి బుల్లి పికప్ ట్రక్కులు కొంటాడు, బాగు చేస్తాడు, మనసొప్పిన వాళ్ళకి అమ్ముతాడు. వాళ్ళావిడ వాటిని సవతులంటుంది. ఆ శనివారం పొద్దున అమెరికాలోని బెంటన్‌విల్ శివార్లలో ఆయన ఇంటి వెనక సవతులు ముగ్గురున్నారు.

మనవాడొకడు ట్రక్కు చూడ్డానికి రావడమే ఆయనకి పండగ. వచ్చినవాడు తప్పు బండి ఎంచుకుంటే ఊరుకుంటాడా?

“నా మాట విను. ఆ మొదటిదానికి సీట్లు రెండే గానీ, వెనక సామాన్ల తొట్టి, అదే బెడ్, ఏడడుగులు. సామాను హాయిగా పడుతుంది. రెండోదానికి బెడ్ ఆరడుగులే గానీ, సీట్ల వెనక ఇంకో ఇద్దరు ఇరుక్కుని కూర్చోవచ్చు. ఇక ఇదీ! సీట్లూ రెండే, బెడ్డూ ఆరడుగులే. మనిషికీ చోటు లేదు, సామానుకీ చోటు లేదు. రెంటికీ చెడ్డ రేవడి.”

రఘువీర్ జేబులోంచి టేపు తీసి బెడ్ కొలిచాడు. డెబ్భై రెండు అంగుళాలు.

“పరుపు డెబ్భై అయిదు,” అన్నాడు.

“ఏం పరుపు?”

రఘువీర్ టేపు చుట్టేశాడు. ఎవరికీ చెప్పనిది ఈ ముసలాయనకి ఎందుకు చెబుతున్నాడో అతనికే తెలియదు.

“వినీత్ అని నా ఫ్రెండ్ అంకుల్. ఎమ్మెస్‌లో రూమ్మేట్. రెండేళ్ళ కిందట, 2009లో, పెళ్ళి చేసుకుని సుధని తీసుకొచ్చాడు. కొత్త కాపురం. ఎవరో ఊరు మారుతూ పాత పరుపు ఇస్తామన్నారు. దాన్ని తేవడానికి ఒకడు ఆఫీస్‌లో ఎవరినో అడిగి ట్రక్కు తెచ్చాడు. అచ్చం ఇలాంటిదే.”

“ఊఁ.”

“పరుపు మూడంగుళాలు బయటికొచ్చింది. వెనక తలుపు మూసుకోలేదు. సరే, తెరిచి పెట్టారు. ముందేమో రెండే సీట్లు. ఒక సీట్లో సుధ కూర్చుంది, రెండోది డ్రైవ్ చేసేవాడిది. తాడు కొనుక్కొద్దామన్నాడు వినీత్. వాడు విన్లేదు. ‘రెండు మైళ్ళకి తాడెందుకురా? మన ఊళ్ళో ట్రాక్టర్ ఎక్కలేదా? పరుపు ఎగరకుండా దాని మీద కూర్చో’ అన్నాడు.”

మల్లికార్జునరావు ముఖం పాలిపోయింది. “కూర్చున్నాడా?”

“కూర్చున్నాడు. గాలికి పరుపు లేచింది. తలుపు తెరిచే ఉంది కదా. రోడ్డు మీద పడ్డ వినీత్ మళ్ళీ లేవలేదు.”

పక్క పొలంలో ఎవరో గడ్డి కోస్తున్న మిషన్ చప్పుడు వినిపిస్తోంది.

“ఆ డ్రైవ్ చేసినవాణ్ణి ఏం చేశారు?”

“ఏం చేస్తారు? ప్రమాదమని రాసుకుని వదిలేశారు. వాడికి గీత కూడా పడలేదు. తర్వాత ప్రమోషన్ వచ్చింది. సన్‌రూఫ్ ఉన్న కొత్త కారు కొన్నాడు. మూడు పూటలా తింటున్నాడు.” రఘువీర్ గొంతులో కసి బుసకొట్టింది. “సుధ ఇండియా వెళ్ళిపోతూ వాణ్ణి పల్లెత్తు మాట అనలేదు. ‘మీరేం చేస్తారన్నయ్యా’ అంది. ఆ అమ్మాయి క్షమించిందేమో. నేను మాత్రం క్షమించను.”

పాము పగ పన్నెండేళ్ళంటారు. రఘువీర్ పగకి ఆ గడువు కూడా లేదు. వాడు ఎన్నింటికి లేస్తాడో, ఏం తింటాడో, ఏ జోకుకి నవ్వుతాడో అన్నీ అతనికి తెలుసు. వాడు నవ్విన ప్రతిసారీ అతనికి ఒళ్ళు మండిపోయేది. నవ్వడానికి సిగ్గు లేదా వీడికి అనుకునేవాడు.

“ఇక్కడే ఉంటాడా వాడు?”

“నేనుండే అపార్ట్‌మెంట్‌లోనే.”

“నాలుగు తన్నకపోయావా!” మల్లికార్జునరావుకి కూడా రోషం వచ్చింది.

“తన్నితే వారంలో తగ్గిపోతుంది అంకుల్. తగ్గకూడదు. అందుకే ఈ బండి. సోమవారం నుంచి వాడు ఇందులోనే ఆఫీస్‌కి వెళ్ళాలి. కూరలకి వెళ్ళినా ఇదే, గుడికి వెళ్ళినా ఇదే. అద్దంలోకి చూసినప్పుడల్లా వెనక ఖాళీ బెడ్ కనిపించాలి. ఆ మూడంగుళాలు వాణ్ణి చచ్చేదాకా తినాలి.”

“బాగానే ఉంది. వాడు ఒప్పుకోవద్దూ?”

“ఒప్పుకుంటాడు. ఆ కొత్త కారు నిన్ననే అమ్మించేశాను. కిక్కురుమనలేదు.”

పెద్దాయన బుర్ర గోక్కున్నాడు. ఇలాంటి పని కోసం ఆయన ఎప్పుడూ బండి అమ్మలేదు. కానీ పరుపు మీద కూర్చున్న ఆ కుర్రాడు కళ్ళ ముందు నుంచి కదలడం లేదు. లోపలికి వెళ్ళి తాళాలూ, బండి ఎవరిదో చెప్పే టైటిల్ కాగితమూ తెచ్చాడు. కాగితం బానెట్ మీద పరిచి తన సంతకం పెట్టాడు.

“నీ పేరున రాసి తర్వాత వాడికి మార్పిస్తావా?”

“వద్దంకుల్. తిన్నగా వాడి పేరునే రాసెయ్యండి. వాడిదని రాతపూర్వకంగా ఉండాలి.”

“అయితే పేరు సరిగ్గా చెప్పు. మన పేర్ల స్పెల్లింగులతో చచ్చే చావు. ఒక్క అక్షరం తేడా వచ్చినా రిజిస్ట్రేషన్ ఆఫీస్‌లో వెనక్కి పంపేస్తారు. లైసెన్స్ మీద ఉన్నట్టే ఉండాలి.”

“వాడి లైసెన్స్ తెచ్చానంకుల్.”

రఘువీర్ పర్సులోంచి తన డ్రైవింగ్ లైసెన్స్ తీసి ఆయన ముందు పెట్టాడు.