షురూ కాకముందే

"మీ అమ్మ పోయి తొమ్మిది రోజులే అయింది. అప్పుడే ఆటలా?" మాధవరావు సార్ కోప్పడ్డాడు.

జ్యోత్స్న లాప్‌టాప్ మీంచి తల ఎత్తలేదు. "ఆట షురూ చెయ్యలే బాపూ. గీ రాజుల కాలపు ఆటల ముందుగాల రూల్స్ పెట్టుకోవాలె."

"ఏం రూల్స్?"

"'గద్దె కొడుకులకే' అని ఉన్నది. 'ఆడ మగ సమానం' అని మారుస్తున్న. షురూ అయినంక మార్చనియ్యదు."

"పాతకాలం పద్ధతి గట్ల మారుస్తరా?"

"ఆటల మారుస్తరు. అమ్మకు తలకొరివి నేను పెడుతనంటేనే పద్ధతి గాదంటివి. కథలాపూర్ నుంచి చిన్నాయిన కొడుకును పిలిపిస్తివి. వాడు అమ్మను ఎన్నిసార్లు చూసిండు బాపూ?"

శ్మశానం గేటు దగ్గర కూతురిని ఆపింది తన చెయ్యే. ఆయన ఆ చేతిని చూసుకున్నాడు.

ఫోన్ మోగింది. తమ్ముడు.

"అన్నా, రేపు కర్మకు పిల్లగాన్ని ఎన్నింటికి తోల్కరావాలె?"

"పొద్దుగాల్నే రండి. పిండాలు మాత్రం జ్యోత్స్న పెడుతది."

"ఆడపిల్లనా? ఊరేమంటది?"

"మీ వదినె ఊరిని కన్నదారా?" అని అరిచాడు మాధవరావు సార్. "దీన్ని కన్నది!"